కరెంటు అద్దం

మధ్యాహ్నం కునుకులో కళ్లు తెరిచేసరికి నా కూతురి పొట్ట మీద ఒక ఇనప కొక్కెం ఊగుతోంది. సన్నటి కొక్కెం. దాని వెనక వెదురు కర్ర, కర్ర వెనక కిటికీ ఊచలు, ఊచల అవతల ఎండ. మనిషి కనపడలేదు. పిల్లకి అప్పటికి ఏడాదిన్నర. నడుముకి వెండి మొలతాడు. కొక్కెం ఆ మొలతాడు కోసం దాని బొడ్డు చుట్టూ నెమ్మదిగా వెతుక్కుంటోంది.

నాది పెద్ద నోరు. నరసన్నపేట దగ్గర మా ఊళ్లో పొలం గట్టు మీద నిలబడి నేను పిలిస్తే అవతలి గట్టు వాళ్లు కూడా పలికేవారు. అలాంటి నాకు ఆ క్షణంలో గొంతు పెగల్లేదు. పిల్ల మీద పడిపోయి దాన్ని నా కిందకి లాక్కున్నాను. కొక్కెం ఒక్కసారి ఆగింది, పైకి లేచింది, వెళ్తూ వెళ్తూ దండెం మీది నా పెళ్లిచీర తగిలించుకుని ఊచల్లోంచి జారిపోయింది. తలుపు తీసి వీధిలోకి వచ్చేసరికి ఒక కుక్క తప్ప ఎవరూ లేరు. అప్పుడు గొంతు వచ్చింది. వీధి వీధంతా లేచింది.

అరవైల చివరి మాట ఇది. విజయనగరంలో ఒక సందులో మాది కొత్తగా కట్టిన డాబా, ఒకటే గది. వంట ఆ గదిలోనే ఓ మూల. మా ఆయన గోనెసంచుల మిల్లులో ఫిట్టరు, పొద్దున సైకిలెక్కితే సాయంత్రానికి గాని రారు. పగలంతా ఇంట్లో నేనూ, పిల్లా.

చీర పోయినందుకు కాదు నా బాధ. ఆ కొక్కెం పిల్ల పొట్ట మీద తిరిగిందే, అది తలుచుకుంటే ఒళ్లు జలదరించేది. జలదరింపు తగ్గాక కోపం వచ్చింది. కోపం వస్తే నాకు ఎవరో ఒకరు దొరకాలి.

మర్నాడు పొద్దున్నే దొరికాడు. మా సందులోకి రోజూ ఒక ముసలాయన దోటి భుజాన వేసుకుని వచ్చేవాడు. పెరట్లో చెట్టున్న ప్రతి ఇంట్లోనూ ఆయన చేతే ములక్కాడలూ, చింతకాయలూ, జాంకాయలూ కోయించుకునేవారు. అంత పొడుగాటి వెదురు కర్రని వేలితో ఆడించినట్టు ఆడించేవాడు. పండు నేల మీద పడనిచ్చేవాడు కాదు. నా కూతురికి రోజుకో దోరజాంకాయ తెచ్చి చేతిలో పెట్టేవాడు. అది ఆయన్ని ‘జాం’ అని పిలిచేది. దానికి వచ్చిన నాలుగు మాటల్లో అదొకటి.

ఆ పొద్దున జాంకాయ పట్టుకుని గుమ్మం ముందు నిలబడ్డ మనిషిని పట్టుకుని, సందంతా వినేలా అడిగేశాను.

“నిన్న మద్దేన్నం ఎక్కడున్నావు తాతా? అంత దూరం నుంచి నా దండెం మీద సీర అందుకోడానికి ఈ ఊల్లో ఎవడి దోటి సరిపోతాది, నీది తప్ప?”

ఆయనకి ముందు అర్థం కాలేదు. అర్థమయ్యాక మొహం వాడిపోయింది.

“నాను సెట్టుకాడ దోటి ఎత్తుతాను గానమ్మా, గుమ్మంకాడ ఎత్తుతానేటి?” అన్నాడు.

“ఎత్తవని నాకేటి తెలుసు? రోజూ ఇంట్లోకి తొంగి సూస్తావు గదా, జాంకాయ వంకెట్టి!”

ఆ మాట అనకుండా ఉండాల్సింది. అన్నాను. ఆయన చేతిలో జాంకాయ గుమ్మం మీద పెట్టి వెళ్లిపోయాడు. నేను ఆ దోటి కొస వైపు కన్నెత్తి చూడలేదు. చూసి ఉంటే ఈ కథ అక్కడితో అయిపోయేది. ఎదురింటి వదిన (వరస కాదు, అలవాటు) చీపురు పట్టుకుని మొత్తం విన్నది. మధ్యాహ్నానికల్లా మా సందులో ఆయన దొంగ అయిపోయాడు. మళ్లీ ఆయన్ని ఎవరూ పిలవలేదు. ములక్కాడలు చెట్టునే ముదిరి ఎండిపోయాయి.

మా ఆయన నాలాగ అరిచే మనిషి కాదు. చేతి పని మనిషి. వరసగా రెండు ఆదివారాలు కూర్చుని ఇంటికి కాపలా కట్టారు. తలుపులకి లోపలివైపు ఇనప పట్టీలు బిగించారు. కిటికీలోంచి చెయ్యి పెట్టినా అందకూడదని వీధి తలుపు గడియని పైనుంచి తీసేసి, అడుగున, నా మోకాలి ఎత్తులో పెట్టారు. నూనె రాసి, కిటికీ వైపు లాగితే తెరుచుకునేలా అమర్చారు. గడియ టక్కుమని పడేది. ఆ చప్పుడు వింటే నాకు ప్రాణం నిమ్మళించేది.

ఇక కిటికీ. మిల్లు పైకప్పులో వెలుతురు కోసం వేసే అద్దాలు మారుస్తుంటే, పాతవి పనివాళ్లని తీసుకోమన్నారట. రెండు పలకలు సైకిలుకి కట్టి తెచ్చారు. అలాంటి అద్దం నేనెప్పుడూ చూడలేదు. వేలెడు దళసరి. లోపల కోళ్ల వలలాగ సన్నటి ఇనప తీగ. బండ పెట్టి కొట్టినా ముక్కలు రాలవు, తీగ పట్టుకుని ఉంటుందని చెప్పారు. ఊచలకి లోపలివైపు చట్రం కట్టి, తెరవడానికి వీల్లేకుండా మేకులు దిగ్గొట్టేశారు.

“దొంగోడి దోటి కాదు, దోమ కూడా దూరదు,” అన్నారు.

గాలి కూడా దూరలేదు. అద్దం గరుకుగా, పాలు కలిపినట్టు ఉండేది. అందులోంచి మనిషి మొహం తెలియదు, రంగులు మాత్రం మరకల్లాగ కదిలేవి. గది కుంపటిలా ఉడికేది. అయినా నేను సంతోషంగానే ఉడికాను.

వీధి కొళాయి దగ్గర ఎదురింటి వదిన అడిగింది, “ఆ అద్దంలో తీగలేటే?” అని.

ఉన్నమాట చెప్తే సరిపోయేది. కానీ నా నోరు ఉన్నమాట దగ్గర ఎప్పుడాగింది?

“కరెంటు తీగలు వదినా. మా ఆయన మిల్లులో సేయించుకొచ్చినారు. బయటోడు సెయ్యేసినాడంటే గుంజి సంపేస్తాది.”

మా సందుకి కరెంటు వచ్చి అప్పటికి ఏడాది కూడా కాలేదు, వచ్చింది కూడా రెండిళ్లకే, అందులో మాదొకటి. ఆ వానాకాలంలోనే సందు చివర తెగిపడ్డ తీగ తొక్కి ఒక పాడిఆవు అందరి కళ్ల ముందూ గిలగిల్లాడి చచ్చిపోయింది. తడి కర్ర పెట్టి లాగబోయిన మనిషిని కూడా విసిరికొట్టింది. కాబట్టి నా మాట నమ్మించడానికి నేనేమీ కష్టపడక్కర్లేకపోయింది. మర్నాటి నుంచి పిల్లలు మా ఇంటి గోడవైపు నడవడం మానేశారు. పోస్టుమాన్ ఉత్తరాన్ని గుమ్మం మీదకి విసిరేసి పోయేవాడు. పాలవాడు వర్షం వస్తే మా చూరు కింద నిలబడేవాడు కాదు, తడిసేవాడు.

మా ఆయన తల పట్టుకున్నారు. “అద్దంలో కరెంటేటే? మిల్లులో ఇంటే నవ్వుతారు.”

“నవ్వేవోలు దొంగతనానికి రార్లెండి,” అన్నాను నేను.

నాలుగు నెలలు గడిచాయి. దొంగ రాలేదు. పిల్ల పరుగులు నేర్చింది.

ఆ రోజు మధ్యాహ్నం మూడు దాటింది. కొళాయి వచ్చిందని వదిన కేకేసింది. పిల్ల చాప మీద నిద్రపోతోంది. మూలన వత్తుల స్టవ్వు మీద పాలు. స్టవ్వు పక్కనే కిరసనాయిలు సీసా. కొళాయి మా గుమ్మానికి పదడుగులు. ఒక్క బిందె పట్టుకుని వచ్చేద్దామని తలుపు దగ్గరగా వేసి వెళ్లాను. పెరటి తలుపుకి ఎప్పటిలాగే లోపల గడియ.

బిందె సగం నిండింది. వెనక ‘టక్’ మని వినపడింది.

ఆ చప్పుడు నాకు తెలుసు. బిందె వదిలేసి పరిగెత్తాను. తలుపు తోస్తే కదల్లేదు. లోపల పిల్ల కిలకిలా నవ్వింది. దాని ఎత్తుకి సరిగ్గా సరిపోయేలా పెట్టారు కదా గడియ, అది రోజూ నేను వేయడం చూసి నేర్చుకుంది.

“అమ్మలూ, గడియ తియ్యమ్మా. ఇటు లాగమ్మా, మా తల్లివి కదూ.”

ఆటనుకుంది. చిన్న అడుగులు టపటపా దూరంగా వెళ్లిపోయాయి.

కిటికీ దగ్గరికి వచ్చి ఊచలకి మొహం ఆనించాను. అద్దంలోంచి ఒక ఎర్ర మరక కనపడుతోంది. అది దాని గౌను. మూలన ఒక పసుపు మరక. అది స్టవ్వు. ఎర్ర మరక పసుపు మరక వైపు వెళ్తోంది. అక్కడికి వెళ్లి పొట్టిదైపోయింది. కూర్చుందన్నమాట.

“గునపం! గునపం తెండే ఎవరైనా!”

సందులో ఆ వేళప్పుడు ఆడవాళ్లూ, ముసలివాళ్లే. వదిన గునపం తెచ్చింది. తెచ్చి, నా చేతికివ్వకుండా వెనక్కి దాచేసుకుంది.

“అద్దం మీద ఇనుము ఎట్టకే! గుంజేస్తాది! నువ్వు పోతావు, ఆ గుంటకి అమ్మ ఉండదు!”

“కరెంటు లేదు వదినా! అబద్దమాడినాను! ఒట్టు, ఉత్త అద్దమే అది!”

“ఓలమ్మో, దీనికి మతి పోనాది. పట్టుకోండే దీన్ని!”

పట్టుకున్నారు. ముగ్గురు ఆడవాళ్లు నా రెండు చేతులూ, నడుమూ పట్టుకుని కిటికీ దగ్గర్నుంచి వెనక్కి లాగేశారు. పురుళ్లకీ పుణ్యాలకీ నాకు తోడొచ్చిన చేతులే. నేను గింజుకుంటుంటే ఏడుస్తూ పట్టుకున్నారు. ఎవరో కరెంటాఫీసుకి పరిగెత్తారు, తీగ ఆపించమని. లేని కరెంటుని ఆపడానికి అరమైలు. నేను వదిన మణికట్టు కొరికాను. అయినా వదల్లేదు. అద్దంలో ఎర్ర మరక కదలడం లేదు.

అప్పుడు జనం తలల మీదుగా ఒక వెదురు కర్ర కొస కనిపించింది. పక్క సందులో చింతచెట్టు దులుపుతున్నాడట, కేకలు విని వచ్చాడు. మా సందు మొదట్లోనే ఆగిపోయాడు. లోపలికి అడుగు పెట్టలేదు.

“తాతా!” అని అరిచాను. “తాతా, బేగి రా! పిల్ల లోన ఉండిపోనాది, స్టవ్వు ఎలుగుతన్నాది!”

వచ్చాడు. కిటికీ చూశాడు, తలుపు చూశాడు, నన్ను పట్టుకున్న వాళ్లని చూశాడు.

“కరెంటు అద్దమంతన్నారు గదమ్మా.”

“కాదు తాతా. నాను అబద్దం సెప్పినాను.”

ఆయన నా కళ్లలోకి చూశాడు.

“తవరు అబద్దం సెప్తారని నాకు తెల్దేటి తల్లీ,” అన్నాడు. ఎత్తిపొడుపు లేదు ఆ గొంతులో, ఉన్న సంగతి అన్నట్టే అన్నాడు. వదిన చేతిలోంచి గునపం లాక్కుని, ఊచల సందులోంచి అద్దాన్ని పొడిచాడు.

జనం కెవ్వుమన్నారు. ఆయన నిలబడే ఉన్నాడు. అద్దం ఫట్టుమని తెల్లగా చిట్లింది గాని ఒక్క పెంకు రాలలేదు. మా ఆయన మాట నిజమే. మళ్లీ పొడిచాడు, మళ్లీ. నన్ను పట్టుకున్న చేతులు సడలిపోయాయి. నేను పోయి చిట్లిన చోట చేతులు దూర్చి తీగలు పట్టుకుని లాగాను. పెంకులు తీగకి వేలాడుతూ నా అరచేతుల్లో దిగాయి. నొప్పి తెలియలేదు. ఆయన పొడుస్తుంటే నేను చీలుస్తూ ఒక చెంబు పట్టేంత కన్నం చేశాం.

కన్నంలోంచి చూశాను. పిల్ల స్టవ్వు ముందు గొంతుకూర్చుంది. పాలు పొంగి చుయ్యిమంటున్నాయి. దాని చేతిలో మసిగుడ్డ. రోజూ నేను చేసినట్టే గిన్నె దింపాలని చూస్తోంది. గుడ్డ అంచు అప్పుడే నల్లబడి పొగ వస్తోంది.

“దోటి పెట్టు తాతా! గడియ ఇటు లాగితే వస్తాది!”

ఆయన దోటి ఎత్తి, ఆగాడు. వెనక్కి తిరిగి సందు మొత్తం చూశాడు. నాకొక్కదానికే వినపడేలా అన్నాడు:

“ఇందరి ముందర నా సేత కిటికీలో దోటి ఎట్టిస్తన్నావు తల్లీ.”

“నీ కాళ్లు పట్టుకుంటాను తాతా.”

దోటి కన్నంలోంచి లోపలికి వెళ్లింది. కొస నా కళ్లకి జానెడు దూరంలోంచి సాగిపోయింది. అప్పుడు చూశాను. కొసన అడ్డంగా ఒక చింతబరికె పుల్ల, దాన్ని బిగించి కట్టిన కొబ్బరి తాడు. అంతే. ఇనుము లేదు. ఏళ్ల తరబడి కట్టు మార్చనట్టు తాడు పిడకలా నల్లబడిపోయి ఉంది. ఆ మధ్యాహ్నం నా పిల్ల పొట్ట మీద ఊగింది ఇది కాదు. ఇది కానే కాదు. నా పిల్ల మంట ముందు కూర్చుని ఉండగా నాకు ఆ సంగతి తెలిసింది.

ఆయన గడియ జోలికి ముందు పోలేదు. దోటి కొసని పిల్ల కళ్ల ముందు ఆడించాడు.

“జాంకాయొచ్చినాదమ్మా! జాంకాయ్! పట్టుకో, పట్టుకో!”

పిల్ల తలెత్తింది. నాలుగు నెలలైనా మరిచిపోలేదు. “జాం!” అంటూ మసిగుడ్డ అక్కడే వదిలేసి లేచింది. కొస పట్టుకోబోయింది. ఆయన రవ్వంత వెనక్కి లాగాడు. అది ఒక అడుగు వేసింది. మళ్లీ లాగాడు. మళ్లీ అడుగు. పండు నేల మీద పడనివ్వని చెయ్యి అది. అలా అడుగు అడుగునా కిటికీ కిందకి తెచ్చాడు. నేను కన్నంలోంచి భుజం దాకా చెయ్యి దూర్చి దాని గౌను పిడికిట పట్టుకున్నాను.

“వొదలకు,” అన్నాడు.

వెనక మసిగుడ్డ భగ్గుమంది, సీసాకి బెత్తెడు దూరంలో. దోటి కొస గడియ మొగ్గకి తగిలి జారింది. మళ్లీ తగిలి జారింది. ఆయన నుదుటి చెమట నా చేతి మీద పడింది. మూడోసారి అడ్డపుల్ల మొగ్గ వెనక పడింది. మెల్లగా, చాలా మెల్లగా లాగాడు.

టక్.

వదినే ముందు లోపలికి దూకింది. కొళాయి కింద నుంచి తెచ్చిపెట్టుకున్న నా బిందెడు నీళ్లూ గుడ్డ మీదా, స్టవ్వు మీదా కుమ్మరించేసింది. నేను పిల్లని ఎత్తుకుని గుమ్మంలో కూలబడ్డాను. దాని గౌనంతా నా నెత్తురే. దానికి గోరంత గాయం లేదు.

ఊపిరి తిరిగాక చూస్తే, సందు సందంతా దోటి వైపు చూస్తోంది. వదిన తన మణికట్టు తుడుచుకుంటూ పక్కావిడతో అంటోంది:

“సూసినావా, ఊచల్లోంచి గడియ ఎలగ లాగీసినాడో! ఎంత అలవాటైన సెయ్యో!”

నేను లేచాను. దోటి కొస చేతిలోకి తీసుకుని ఒక్కొక్కరి మొహం ముందూ పెట్టాను.

“సూడండి! ఇనుముందేటి దీనికి? ఆ యాల నాను సూసింది ఇనప కొక్కెం. ఈ తాత కాదు. నాను సూడకుండా నోరు పారేసుకున్నాను. నాదే తప్పు!”

“కొక్కెం మార్సడానికి ఎంతసేపే?” అంది ఒకావిడ.

“పిల్ల దక్కినాదని అలగంతన్నావు గాని,” అంది వదిన, నా వీపు నిమురుతూ. “ఊరుకో. సెయ్యి కట్టు కట్టుకో.”

అరిచాను, ఏడ్చాను, దెబ్బలాడాను. నా వీధిలో నేను ఊరికే అన్న మాటలు రెండూ నిలబడ్డాయి. ఒట్టేసి చెప్పినవి రెండూ నిలబడలేదు. అద్దం సంగతి కూడా ఆ సాయంత్రానికే తేల్చేశారు, ఆ వేళకి కరెంటు పోయి ఉంటుందని, అందుకే బతికామని.

ముసలాయన ఎవరి మాటకీ అడ్డు రాలేదు. కూర్చోమంటే కూర్చోలేదు. దోటి మా గోడకి ఆనించి నడిచాడు.

“దోటి మరిసిపోనావు తాతా!”

“మరవలేదు తల్లీ. ఇక దీన్నట్టుకుని ఏ పెరట్లోకెల్లినా జనం ముందు కిటికీ ఏసుకుంటారు. నీకాడే ఉండనీ.”

పిల్ల నా చంక లోంచి చేతులు చాపి “జాం, జాం” అంది. ఆయన ఖాళీ చెయ్యి దానికి చూపించి వెళ్లిపోయాడు.

మా ఆయన ఆ రాత్రే గడియ పైకి మార్చేశారు, అద్దం చట్రం పీకేశారు. కిటికీ మళ్లీ తెరిచి ఉంచాను. ఎనిమిది రోజులు పిల్ల పొద్దున్నే ‘జాం’ కోసం గుమ్మంలో కూర్చునేది. తొమ్మిదో రోజు, చేతి కట్లతోనే, దోటి భుజాన వేసుకుని బయల్దేరాను. శృంగవరపుకోట రోడ్డులో ఒక తోట పక్కన ఆయన ఉంటాడని చింతచెట్టు వాళ్లు చెప్పారు.

తాటాకు గుడిసె. దాని కిటికీకి ఊచలు లేవు, ఒక చాప ముక్క వేలాడుతోంది. ఆయన భార్య బయటికి వచ్చింది. ముందు దోటిని చూసింది, తర్వాత నన్ను.

“ఇది ఇచ్చేసి పోదామని వచ్చినానమ్మా. ఆ దొంగ మీ ఆయన కాదు. నాను సూసింది ఇనప కొక్కెం. ఆ మాట సెప్పడానికొచ్చినాను.”

“మాకు సెప్పడమేటమ్మా?” అంది ఆవిడ. “మాకు తెల్దేటి? మీ ఈదిలో సెప్పండి.”

“సెప్పినాను. నమ్మలేదు.”

ఆవిడ దోటి అందుకుంది. కొసన కొబ్బరి తాడు మీద ఎండిన నా నెత్తుటి మరకని గోటితో గీకింది. పోలేదు. దోటిని చూరులో దోపేసింది. చాప ముక్క వెనక ఎవరో దగ్గారు. కాసేపు నిలబడ్డాను. ఆయన బయటికి రాలేదు.